పదిహేడో చిలక్కొయ్య

మాగుడు గది గుమ్మం దగ్గర కూడా ఎవరూ గొంతు పెంచకూడదు. అందుకని నిదానమూ గుండీలాయనా గుసగుసల్లోనే పోట్లాడుకున్నారు.

"దొంగ దొరికింది. మీరు రావడం దండగ," అన్నాడు గుండీలాయన ఆవిడ చెవి దగ్గర.

"దొంగ దొరికితే చిలప ఏదండీ?" అంది నిదానం ఆయన చెవి దగ్గర.

"రెండింటికి లాకప్‌కి పంపిస్తున్నాను. అక్కడ తనే చెబుతుంది."

"అంటే రెండింటిదాకా ఆ అమ్మాయిని కూర్చోబెట్టి మీరు గడియారం చూస్తూ ఉంటారన్నమాట. భేష్."

గుండీలాయన పళ్ళు నూరాడు. అక్కడ పళ్ళు నూరడానికి అభ్యంతరం లేదు. మిల్లు కాపలా అంతటికీ ఆయనే పెద్ద. ఎంత ఉక్కపోసినా కోటు గుండీలు మెడదాకా పెట్టుకునే తిరుగుతాడు కాబట్టి ఆ పేరు స్థిరపడింది, ఆయన వినకుండా. నిదానం నేరపరిశోధన శాఖ మనిషి. కాస్త భారీ శరీరం, ఏభైకి దగ్గరపడిన వయసు. ఎవరు తొందరపెట్టినా "నిదానం నాయనా, నిదానం" అంటుంది కనక ఆవిడ అసలు పేరు ఎప్పుడో మరుగున పడిపోయింది. ఆవేళ మాత్రం ఆవిడకి నిదానంగా ఉండే వీలు లేదు.

ఎందుకంటే పోయింది మామూలు నూలుకట్ట కాదు, పచ్చినూలు చిలప.

దీపాలూ వీధిబళ్ళూ ఆస్పత్రి యంత్రాలూ అన్నీ వెలుగునూలు మీదే నడుస్తాయి గానీ, ఆ నూలు వడికిన రోజునే వెలుగివ్వదు. ముందు పుచ్చుకుంటుంది. తడిగుడ్డ చుట్టి చీకట్లో మూడు రోజులు వేలాడదీస్తే గోడల వెచ్చదనం కొద్దికొద్దిగా తాగి, పండు మాగినట్టు మాగి, నీలం నుంచి పసుపుకి తిరుగుతుంది. అప్పుడిక ఏడాది పొడుగునా ఇస్తూనే ఉంటుంది. మాగకముందే గుడ్డ విప్పి ఒంటి దగ్గర పెట్టుకుంటే మటుకు ఆ ఒంటి వెచ్చదనమే తాగుతుంది. ముందు కమ్మని నిద్ర, తర్వాత మంచి మంచి కలలు, ఆ తర్వాత చలి. పెద్దవాళ్ళు పొద్దుగూకేదాకా తట్టుకుంటారు. ఆపైన లేవరు.

"నాకు దొంగతో పని లేదు," అంది నిదానం. "ఆ చిలప ఇప్పుడు ఎవరి పక్కన ఉందో ఆ మనిషి కావాలి. ఈపాటికి ఎక్కడో హాయిగా నిద్రపోతూ ఉంటాడు. మధ్యాహ్నం పన్నెండుంబావు అయింది. మీరు పక్కకి తప్పుకుంటే నేను గది చూసుకుంటాను."

"చూసుకోండి. ఉప్పురాయి మరిచిపోకండి, పడిపోతే మోయడానికి నలుగురు కావాలి."

నిదానం గుమ్మం దగ్గర గిన్నెలోంచి ఉప్పురాయి ఒకటి తీసి నాలుక కింద పెట్టుకుంది. చిలపలన్నీ గుడ్డలు చుట్టుకుని ఉన్నా ఆ గదిలో నిద్ర ముంచుకొస్తుంది. ఉప్పు కరుగుతున్నంతసేపే మనిషి మెలకువగా ఉంటాడు. అదీ సగం మెలకువే. సగం కలలో ఉన్నవాణ్ణి అరిచి అదరగొడితే చేతిలో ఉన్నది కింద పారేస్తాడు. అందుకే అక్కడ గుసగుసలు.

గది పొడుగ్గా, సన్నగా ఉంది. రెండు గోడలకీ చెక్కతో చేసిన చిలక్కొయ్యలు. ఒక్కోదానికి ఒక్కో తడిమూట. గుడ్డల మడతల్లోంచి నీలం, ఉందా లేదా అన్నంత పలచగా. పదడుగులు వేసేసరికి నేల ఎక్కడో దూరంగా ఉన్నట్టనిపించింది నిదానానికి. వెనక ఎవరో కూర్చుని జడ వేస్తున్నారు. పాయలు తియ్యడంలోనే తెలిసిపోయింది, అక్క. "కదలకే, వంకర వస్తుంది," అంటోంది. అక్క పోయి పన్నెండేళ్ళయింది. నిదానం ఉప్పురాయిని గట్టిగా కొరికింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఉప్పు వల్లే అనుకుని ముందుకి నడిచింది.

పదిహేడో చిలక్కొయ్య ఖాళీగా ఉంది. పూర్తిగా ఖాళీ కూడా కాదు. తడిగుడ్డ నాలుగు మడతలు పెట్టి దానికే తగిలించి ఉంది.

"ఇదిగో, గుడ్డ వదిలేసి పారిపోయింది," అన్నాడు వెనకాలే వచ్చిన గుండీలాయన.

"పారిపోయేవాళ్ళు గుడ్డ మడత పెడతారా? పచ్చినూలు ఎత్తుకెళ్ళేవాడు గుడ్డతో సహా ఎత్తుకెళతాడండీ. లేకపోతే వీధి మలుపు తిరక్కుండానే నిద్రపోతాడు. ఇక్కడ పనిచేసేవాళ్ళకి ఆ మాత్రం తెలీదా?"

"తొందరలో ఉండి ఉంటుంది."

"తొందరలో నాలుగు మడతలు. అంచుకి అంచు కలిపి."

నిదానం వంగి గోడ వారన ఉన్న చెత్తబుట్టలో చెయ్యి పెట్టింది. తడి దారప్పోగులు, చిరిగిన గుడ్డపేలికలు, వాటి అడుగున ఒక నూలు చిలప. బూడిదరంగు, వెలుగు చుక్క లేదు. ఏడాది వాడి వదిలేసిన చచ్చిన నూలు.

"ఈ గదిలోకి పచ్చినూలు వస్తుంది, మాగిన నూలు వెళుతుంది. వాడిన నూలుకి ఇక్కడ ఏం పనండీ?"

"చెత్తబుట్టలో చెత్త ఉంది. ఇదీ ఒక ఆధారమేనా?"

"చిలప పోయిన చోట చిలప దొరికింది. మీరు దాన్ని చెత్త అంటున్నారు. నిదానం మీద ఆలోచించండి."

కాపలావాడి పుస్తకం ప్రకారం తొమ్మిదింటికి గదిలో పచ్చి చిలపలు సరిగ్గా నలభై. పదకొండింటికి ముప్ఫై తొమ్మిది. మధ్యలో లోపలికి వెళ్ళింది ఇద్దరు. తొమ్మిదీ పావు నుంచి తొమ్మిదిన్నర దాకా మేస్త్రి. పదింటికి పది నిమిషాల పాటు, గుడ్డల తొట్టితో, చిలపలకి కట్లు కట్టే అమ్మాయి. మేస్త్రిది నలభై ఏళ్ళ సర్వీసు, దేవుడి లాంటి మనిషి. అమ్మాయి పురుడు పోసుకుని పనిలోకి తిరిగొచ్చి రెండు రోజులయింది. గుండీలాయన ఎవరిని పట్టుకున్నాడో చెప్పక్కర్లేదు.

ఆ అమ్మాయిని గుడ్డలు పిండే గదిలో బల్ల మీద కూర్చోబెట్టారు. చిన్న చేతులు, చురుకైన చేతులు. మిల్లులో చిట్టిచేతులు అని పిలుస్తారు. ఆ చేతులు ఇప్పుడు కొంగు కొసని మెలిపెడుతున్నాయి.

"మేడమ్, మీకు దణ్ణం పెడతాను. పదకొండుకే ఇంటికెళ్ళి పాపకి పాలిచ్చి రావాల్సింది. మూడు నెలల పిల్ల. వెనక సందే మా ఇల్లు. ఇచ్చేసి వచ్చేస్తాను, ఆ తర్వాత మీ ఇష్టం, ఎక్కడ పెడతారో పెట్టండి."

"కుదరదు," అన్నాడు గుండీలాయన గుమ్మంలోంచి.

"మీకు పిల్లలున్నారా?" అని అడిగింది నిదానం ఆయన్ని.

"కుక్క ఉంది."

"అది ఆకలేస్తే ఏం చేస్తుంది?"

ఆయన మొహం ఎర్రబడింది. వెళ్ళనివ్వను గానీ ఫోను చేసుకోనిస్తానన్నాడు. గోడ ఫోనులో అత్తగారి గొంతు గదంతా వినిపించింది. ఆవిడకి గుసగుసల అలవాటు లేదు మరి. "ఏడవడమా! ఎక్కడే! పదిన్నర నుంచీ కదలకుండా పడుకుంది బంగారుతల్లి. ఇంత బుద్ధిగా ఎప్పుడైనా పడుకుందా? నువ్వు నింపాదిగా పని చూసుకుని రా."

అమ్మాయి ఫోను పెట్టేసి, అంతసేపూ ఆపుకున్న ఏడుపు ఒక్కసారి ఏడ్చేసింది. నిదానం కూడా హమ్మయ్య అనుకుంది. తర్వాత ఆ హమ్మయ్యకి తనని తాను తిట్టుకోని రోజు లేదు.

"ఇప్పుడు చెప్పమ్మా. పొద్దున్న ఏం చేశావో వరసగా చెప్పు. ఎనిమిదిన్నర నుంచి."

"కొత్తగా వడికిన చిలపలు ఐదు తెచ్చానండి. ఖాళీ కొయ్యలు ఐదుండాలి, నాలుగే ఉన్నాయి. చూస్తే పదిహేడో దానికి ఎవరో వాడిన నూలు తగిలించారు. నాకు ఒళ్ళు మండింది. నేను లేని మూడు నెలల్లో గదిని సంత చేసేశారు అనుకుని, దాన్ని తీసి బుట్టలో పడేసి, కొత్త చిలపకి గుడ్డ చుట్టి అక్కడ తగిలించాను."

"ఈ పొద్దున వడికిన చిలపా?"

"అవునండి. ఇంకా దారం నుంచి మిషను వేడి కూడా పోలేదు."

"పదింటికి మళ్ళీ వెళ్ళినప్పుడు పదిహేడోది ఖాళీగా లేదా?"

"అప్పుడు అవతలి వరస తడిపానండి. ఇటు చూడలేదు. నా మాట నమ్మండి మేడమ్."

"నమ్మానమ్మా. ఇంకొక్క మాట. పచ్చిదో వాడిందో నీకెలా తెలుస్తుంది?"

ఆ ప్రశ్న అడిగినందుకు అమ్మాయి వింతగా చూసింది. "కనపడుతుంది కదండీ. చీకట్లో పచ్చిది నీలంగా ఉంటుంది. పట్టపగలు ఏదీ తెలీదు, రెండూ బూడిదగానే ఉంటాయి. చీకట్లో అయితే ఎవరైనా చెబుతారు. కళ్ళలో నీలం పోయినవాళ్ళు తప్ప."

"నీలం పోవడమేంటి?"

"ఏళ్ళ తరబడి ఆ గదిలో పనిచేస్తే కొంతమందికి ఆ పలచటి నీలం కనపడకుండా పోతుందండి. మిగతా రంగులన్నీ బాగానే ఉంటాయి. అందుకే మేస్త్రి తాతయ్య ఏడాదికోసారి మా అందరికీ పరీక్ష పెడతారు. నీలం పోతే బయటిపనికి మార్చేస్తారు."

నిదానం లేచి నిలబడింది. ఆ లేవడంలో మోకాలు కలుక్కుమంది గానీ పట్టించుకోలేదు.

మేస్త్రి గది మాగుడు గదికి ఎదురుగానే. ముసలాయన కిటికీ దగ్గర కూర్చుని వేడినీళ్ళు తాగుతున్నాడు. నిదానాన్ని చూసి లేవబోయాడు. ఆవిడ వద్దంది. చేతిలో మూతపెట్టిన చెక్కపెట్టె బల్ల మీద పెట్టి, ఎదురుగా కూర్చుంది. గుండీలాయన తలుపుకి ఆనుకున్నాడు.

"తాతగారూ, పదిహేడో కొయ్యకి వాడిన నూలు తగిలించింది మీరేనా?"

ముసలాయన మొహం విప్పారింది. "ష్! ఆ పిల్లకి చెప్పకండమ్మా. ఈ మిల్లులో ఎవరికి బిడ్డ పుట్టినా ఉయ్యాల పరుపు నేనే ఇస్తాను. వాడిన నూలంత మెత్తగా దూది కూడా ఉండదు. ఎండి బిరుసెక్కి ఉంటుంది కాబట్టి ఒక రాత్రి ఆ తడిగాలికి వేలాడదీస్తాను. నలభై ఏళ్ళుగా పదిహేడోదానికే. నిన్న సాయంత్రం తగిలించాను, పొద్దున్న బుట్టలో వేసి తీసుకెళ్ళి కుట్టించాను. నేనే పట్టుకెళ్ళి వాళ్ళత్తగారికి ఇచ్చాను. కోడలొచ్చి చూసుకునేదాకా చెప్పొద్దని ఒట్టు కూడా వేయించుకున్నాను."

నిదానం మామూలు గొంతుతోనే అడిగింది. "దానికి తడిగుడ్డ చుట్టి ఉందా?"

"ఉంది. ఏ తెలీని మనిషో అన్నిటితోపాటు దీనికీ చుట్టారనుకుని విప్పి, మడత పెట్టి పెట్టాను."

"కుట్టినావిడ ఏమీ అనలేదా?"

"ఏమంటుంది? ఆవలిస్తూ ఆవలిస్తూ కుట్టింది. రాత్రి నిద్ర లేదేమో పాపం."

గుండీలాయన తలుపు వదిలి నిటారుగా నిలబడ్డాడు. నిదానం కిటికీ రెక్కలు మూసేసింది. గది చీకటయింది. పెట్టె మూత తీసి, లోపలి గుడ్డ విప్పింది.

"ఇది పద్దెనిమిదో కొయ్యది. చెప్పండి తాతగారూ. పచ్చిదా, వాడిందా?"

ముసలాయన చెయ్యి చాచాడు. నిదానం పెట్టెని వెనక్కి లాగింది.

"చేత్తో కాదు. కంటితో."

పెట్టె నిండా నీలం. ఆ నీలంలో గుండీలాయన కోటు గుండీలు కూడా కనపడుతున్నాయి. ముసలాయన కళ్ళు పెట్టె మీద లేవు, దాని పక్కన ఖాళీ బల్ల మీద ఉన్నాయి. అంత ప్రేమగా చాచిన చెయ్యి అలాగే గాల్లో ఉండిపోయింది.

"అందరి కళ్ళూ మీరు పరీక్ష చేస్తారు," అంది నిదానం మెల్లిగా. "మీ కళ్ళు ఎవరు చూస్తారు?"

"మూడేళ్ళయిందమ్మా," అన్నాడు. "చేతులు చెబుతున్నాయి కదా, పని నడుస్తోంది కదా అనుకున్నాను. పచ్చిది చల్లగా ఉంటుంది. ఇది కూడా చల్లగానే ఉంది, తడిగుడ్డ వల్లేమో అనుకుని..." అక్కడ ఆగాడు. "అమ్మా, నేను పట్టుకెళ్ళింది ఏది?"

జవాబు చెప్పే ఓపిక నిదానానికి లేదు. గడియారం ఒంటిగంట దాటి ఐదు నిమిషాలయింది. పదిన్నర నుంచి రెండున్నర గంటల పైన. మూడు నెలల ఒంట్లో ఎంత వెచ్చదనం ఉంటుంది గనక!

ఆవిడ గుడ్డల గది తలుపు తోసేసరికి అమ్మాయి లేచి నిలబడింది. నిదానం మొహం చూడగానే ఆమె మొహం పాలిపోయింది. "పాపా?" అంది అంతే. పరుగెత్తింది. "ఆగు, నువ్వు నా అదుపులో..." అని గుండీలాయన చెయ్యి అడ్డం పెట్టబోయాడు.

"తప్పుకోవయ్యా!" అని అరిచింది నిదానం.

ఆ వసారాలో అంత గట్టి కేక ఎవరూ ఎరగరు. మాగుడు గదిలో ఎవరి చేతిలోంచో తొట్టి ధబీమని పడింది. గుండీలాయన తప్పుకోవడమే కాదు, మరుక్షణం అందరికంటే ముందు తనే గేటు తీసి పట్టుకున్నాడు.

వెనక సందులో మూడో ఇల్లు. పాప నిద్ర చెడుతుందని అత్తగారు కిటికీకి దుప్పటి కట్టింది. ఆ చీకట్లో ఉయ్యాల ఒక్కటే కనపడుతోంది, అడుగు నుంచి నీలంగా. పరుపు కుట్ల సందుల్లోంచి వెలుగు మెల్లిగా పెరుగుతూ, తగ్గుతూ, పాప ఊపిరితో పాటే ఊగుతోంది. గదంతా చల్లగా, నిశ్శబ్దంగా, ఎవరూ మేలుకోవడం ఇష్టం లేనంత హాయిగా ఉంది. గుమ్మంలో నిలబడ్డ నిదానానికి మళ్ళీ జడ మీద అక్క వేళ్ళు తగిలాయి. ఇటు తిరిగితే అక్క కనపడుతుందేమోనని ఒక్క క్షణం ఆశ పుట్టింది. తిరగలేదు. పాప పెదాలు తెల్లగా ఉన్నాయి. నవ్వుతోంది.

"చూశారా, ఎలా నవ్వుతోందో," అంది అత్తగారు మురిపెంగా. తర్వాత అందరి మొహాలూ చూసి నోట్లో కొంగు కుక్కుకుంది.

నిదానం పాపని ఎత్తబోయింది. "లాగకమ్మా!" అన్నాడు అప్పుడే రొప్పుతూ వచ్చిన ముసలాయన. "పట్టిన నూలు నుంచి లాగితే తాగిన వెచ్చదనమంతా దానితోనే పోతుంది. ఇంకా వెచ్చటి ఒళ్ళు చూపిస్తే అటు తిరుగుతుంది. జరగండి, నేను పెడతాను." చొక్కా చేతులు పైకి లాక్కుని పరుపు మీద రెండు చేతులూ ఆనించాడు. నీలం కదల్లేదు. డెబ్భై ఏళ్ళ చేతులు. వాటిలో పాప ఒంట్లో ఉన్నంత వెచ్చదనం కూడా లేదు. "తిరిగిందా?" అని అడుగుతున్నాడు ఎవరినో. "చెప్పండమ్మా, నాకు కనపడదు. తిరిగిందా?"

గుండీలాయన కోటు విప్పేస్తున్నాడు. ఆయన గుండీల దగ్గర తడబడుతుండగానే అమ్మాయి ఉయ్యాల దగ్గరికి వచ్చింది.

"వద్దే," అన్నాడు ముసలాయన అలికిడి గుర్తుపట్టి. "నువ్వొద్దు. తల్లీ, నువ్వు మాత్రం వద్దు."

"తెలుసు తాతయ్యా," అంది. "కట్లు కట్టేదాన్ని, నాకు తెలీదా?"

పరుపుతో సహా పాపని ఎత్తి గుండెలకి హత్తుకుని నేల మీద చతికిలబడింది. పాలు నిండి రెండు గంటలుగా సలుపుతున్న గుండెలు, జ్వరంలా కాలిపోతున్న ఒళ్ళు. నీలం ఒక్కసారి ఆగింది. పాప వైపు నుంచి మెల్లిగా జారి, కుట్ల వెంబడే పాకి, తల్లి చేతుల కిందికి చేరింది. పాప పెదాల మీదికి ఎరుపు వచ్చింది. వేళ్ళు కదిలాయి. ముక్కు చిట్లించింది. ఆ మీదట సందు సందంతా వినపడేలా కేర్‌మంది.

"ఆకలేసిందా నా తల్లికి," అంది అమ్మాయి నవ్వుతూ. "ఉండు, ఇప్పుడే..." మాట పూర్తి కాలేదు. తల గోడకి వాలిపోయింది.

పాపని ఇప్పుడు ఎత్తుకోవచ్చు. నిదానం ఎత్తుకుంది. ఒళ్ళు చల్లగానే ఉంది గానీ కాళ్ళు తన్నడంలో లోటు లేదు. గుండీలాయన పాలు తెస్తానని ఎవరికీ చెప్పకుండానే వీధిలోకి పరుగెత్తాడు. అత్తగారు కోడలి చెంపలు తడుతోంది. "లేవే, లేచి పాలివ్వవే, ఇదేం నిద్రే," అంటోంది.

"ఇంకొకరం మార్చుకుందాం. నా ఒళ్ళు చాలినంత వెచ్చగానే ఉంటుంది," అంది నిదానం. "జరగండి తాతగారూ."

ముసలాయన కదల్లేదు. తల అడ్డంగా ఊపాడు.

"ఏం తెలుసని అంది ఆ అమ్మాయి?"

"నూలు తను పట్టిన ఒంటిని వదిలి రెండో ఒంటికి తిరుగుతుందమ్మా. ఒక్కసారే. మూడో ఒంటికి తిరగదు. రెండోదాన్ని మాగేదాకా వదలదు. అందుకే ముందు నేను పెట్టాను."

"మాగడానికి మూడు రోజులు కదా?"

"మూడు రోజులు."

"మనిషి తట్టుకునేది..."

"పొద్దుగూకేదాకా," అన్నాడు ముసలాయన.

ఒంటిగంటా ఇరవై అయింది. నిదానం చంకలో పాప ఆకలికి గుక్కపట్టి ఏడుస్తోంది. తల్లి గోడకి ఆనుకుని, ఆ ఏడుపు ఎక్కడో దూరంగా వింటున్నట్టు, నిద్రలోనే రవికె ముడి కోసం చేత్తో తడుముకుంటోంది.